శెనక్కాయ ముద్ద, ద్రాక్ష జెల్లీ, సన్నటి సెగ
(కొత్తగా అమెరికా వచ్చిన తెలుగు విద్యార్థులకు వంట చేసి చూపిస్తూ చేసిన ప్రసంగం)

వెనక కూర్చున్నవాళ్లు కొంచెం ముందుకు రండి. స్టవ్వు చిన్నది, పెనం ఇంకా చిన్నది.

మాది అనంతపురం వైపు. శెనక్కాయల్ని ఉడకబెట్టుకుని తిన్నాం, వేయించుకుని తిన్నాం, బెల్లం పాకం పట్టి ఉండలు చుట్టుకున్నాం. కారం ఊసు లేని శెనక్కాయ ముద్దని, అదే పీనట్ బటర్‌ని, బ్రెడ్డుకి పూసి, పైన ద్రాక్ష జెల్లీ వేసుకోవడం మాత్రం ఈ దేశం వచ్చాకే చూశాను. మొదట్లో అస్సలు నచ్చలేదు. చల్లటి బ్రెడ్డు, అంగిట్లో అతుక్కుని ఊడిరాని ముద్ద. ఒక చలికాలం రాత్రి, ఇంట్లో ఇంకేమీ లేక, అదే శాండ్‌విచ్‌ని పెనం మీద వేసి చూశాను. ముద్ద కరిగింది, జెల్లీ పాకంలా అయింది. అరే, ఇది మన పల్లీ పట్టీకి చుట్టమే కదా అనిపించింది.

ఈ దేశంలో ఈ శాండ్‌విచ్ వయసు పెద్దదేం కాదు. 1901లో బోస్టన్ వంట పత్రిక ఒకదానిలో జూలియా డేవిస్ చాండ్లర్ అనే ఆవిడ దీని గురించి రాసిందే అచ్చులో మొదటిదని చెబుతారు. అప్పట్లో ఇది టీ పార్టీల్లో పెట్టే షోకు తిండి. 1928లో మిస్సోరీలోని చిల్లికోతీలో ముక్కలు కోసిన బ్రెడ్డు అమ్మకానికి వచ్చింది. ఇక కత్తి అక్కర్లేదు, పిల్లలే చేసుకోవచ్చు.

సరే, పనిలోకి వద్దాం. ముందు మీ రూమ్మేట్‌కి పల్లీలు పడతాయో లేదో కనుక్కోండి. ఇది తమాషా కాదు, కొందరికి ప్రాణం మీదికి వస్తుంది.

పీనట్ బటర్ ఏది కొనాలి? శెనగింజ బరువులో దాదాపు సగం నూనే. ఉత్త గింజలు రుబ్బిన సీసాలో ఆ నూనె పైకి తేలుతుంది. మామూలు సీసాల్లో గట్టిపరచిన నూనె కొద్దిగా కలుపుతారు, అందుకే తేలదు. ఆరోగ్యానికి మొదటిదే మంచిదని మీ అక్కలు చెబుతారు, నేనూ ఒప్పుకుంటాను. పెనం మీద మాత్రం అది జావలా పక్కల్నుంచి కారిపోతుంది. ఈ ఒక్క పనికీ నా ఓటు రెండోదానికే.

ముద్దని రెండు స్లైసులకీ పలచగా, అంచుల దాకా పూయండి. చాలామంది ఒకదానికి ముద్ద, రెండోదానికి జెల్లీ పూస్తారు, బ్రెడ్డు నాని మెత్తబడుతుంది. రెండువైపులా ముద్ద ఉంటే జెల్లీ తడి బ్రెడ్డుకి తగలదు. జెల్లీ ఒక్క చెంచా, అదీ మధ్యలోనే. చుట్టూ వేలెడు జాగా వదలండి. జెల్లీలో సగానికి పైగా చక్కెరే కాబట్టి పెనం మీద కారిందంటే మాడి అంటుకుంటుంది. ఇది కాంకర్డ్ ద్రాక్షది. మసాచుసెట్స్‌లోని కాంకర్డ్ ఊళ్లో ఎఫ్రాయిమ్ బుల్ అనే ఆయన పెంచిన రకం. బెంగళూరు బ్లూ ద్రాక్ష తిన్నవాళ్లు ఒకసారి వాసన చూడండి, గుర్తుపడతారు.

ఇక సెగ. నేను తప్పు చేసింది ఇక్కడే. దోసెకి కాల్చినట్టు పెనం కాల్చాను. నీళ్లు చిలకరిస్తే చుయ్యిమనాలి, మనకి తెలిసిన లెక్క అదే కదా! వెన్న పూసిన బ్రెడ్డు వేశాను. నిమిషం తిరక్కుండానే అడుగు బొగ్గు, లోపల ముద్ద చల్లగా అలాగే ఉంది. ఇంతలో స్మోక్ అలారం అందుకుంది. కుర్చీ ఎక్కి తువ్వాలుతో విసురుతున్నాను, పక్క ఫ్లాటాయన తలుపు బాదుతున్నాడు. ఆ టెన్షన్‌లో స్టవ్వు ఆపడమే మర్చిపోయాను.

నెయ్యి కాచినప్పుడు గిన్నె అడుగున ఎర్రగా మిగులుతుందే, వెన్నలో ముందు మాడేది అదే. నెయ్యిలో అది ఉండదు కాబట్టి కాస్త ఎక్కువ సెగ తట్టుకుంటుంది. అమ్మ సర్దిచ్చిన నెయ్యి ఉంటే, వెన్న బదులు బ్రెడ్డుకి బయటవైపు అదే రాయండి. ఈ కరెంటు స్టవ్వుల కాయిల్ నాబ్ తిప్పగానే చల్లారదు, అందుకని మొదటినుంచీ నాబ్‌ని మూడు అంకె దగ్గరే ఉంచండి. చెయ్యి పైన పెడితే వెచ్చగా ఉండాలి, చురుక్కుమనకూడదు. ఒక్కోవైపు మూడు నాలుగు నిమిషాలు. అట్లకాడతో నొక్కకండి, జెల్లీ బయటికి వస్తుంది. అంచు ఎత్తి చూడండి. ఇదిగో, ఈ రంగు, వేయించిన శెనగింజ పొట్టు రంగు. ఇప్పుడు తిప్పాలి.

దించాను. రెండు నిమిషాలు ముట్టుకోకండి. బ్రెడ్డు చల్లారినట్టే ఉంటుంది, లోపల జెల్లీ మాత్రం పాయసం వేడిలో ఉంటుంది. మొదటిసారి నా నాలుక వారం రోజులు రుచి మర్చిపోయింది.

ఇప్పుడు కోస్తున్నాను. చూశారా, జెల్లీ అంచు దాటలేదు. ప్లేట్లు అటు పంపండి. వీటిలో ఒకటి నెయ్యిది, ఒకటి వెన్నది. ఏది ఏదో నేను చెప్పను, తిని మీరే చెప్పండి.