టెండరు కాగితం ముందే చదవాలి

అందరికీ నమస్కారం. ఆదివారం పూట ఇంటి పనులు పక్కనపెట్టి పులియాంతోపు నుంచి, వ్యాసర్‌పాడి నుంచి ఇంతమంది వచ్చారు, చాలా సంతోషం. మీలో చాలామంది ఇళ్ళల్లో తాతల కాలం నుంచీ చెన్నై వీధులు ఊడ్చినవాళ్ళున్నారు. ఇంట్లో మాట్లాడేది తెలుగే, చేతికొచ్చే ఆర్డరు మాత్రం తమిళంలోనో ఇంగ్లీషులోనో ఉంటుంది. అందుకే ఒక లాయరుగా మీతో ఒకసారి మన భాషలో మాట్లాడుకుందామన్నాను.

నన్ను ఎక్కువమంది అడిగేది ఒకటే: "కుప్ప, అదే చెత్త ఎత్తే కాంట్రాక్టు తప్పుగా ఇచ్చారు సార్, కోర్టుకెళ్తే ఆ కాంట్రాక్టుని కొట్టేస్తారా?" చాలాసార్లు కొట్టేయరు. 1994లో టాటా సెల్యులార్ కేసులో సుప్రీంకోర్టు ఒక గీత గీసింది. నిర్ణయం ఎలా తీసుకున్నారో చూస్తాం, ఆ నిర్ణయం మాకు నచ్చిందా లేదా అన్నది చూడం అంది. అది సెల్‌ఫోన్ లైసెన్సుల గొడవే గానీ చెత్తకీ అదే సూత్రం. ఉజ్జయినిలో ఇంటింటికీ తిరిగి చెత్త ఎత్తే పని ఒక కంపెనీకి ఇస్తే, పని దక్కని కంపెనీ హైకోర్టుకెళ్ళి గెలిచింది. 2018లో సుప్రీంకోర్టు ఆ తీర్పును పక్కనపెట్టేసింది. దురుద్దేశమో పక్షపాతమో కనబడితే తప్ప, టెండర్లకి నిపుణులు వేసిన మార్కుల్ని హైకోర్టు మళ్ళీ దిద్దకూడదన్నది దాని సారం.

అలాగని కార్పొరేషన్ ఏం చేసినా చెల్లుతుందని కాదు. 1979 నాటి రమణ దయారాం శెట్టి కేసు ఉంది. బొంబాయి ఎయిర్‌పోర్టులో హోటల్ నడపడానికి ఐదేళ్ళ అనుభవం ఉండాలని టెండర్లో రాసి, ఆ అర్హత లేనివాళ్ళకే ఇచ్చారు. నువ్వు పెట్టిన షరతుకి నువ్వే కట్టుబడాలి అని సుప్రీంకోర్టు గట్టిగా చెప్పింది. ఇప్పటికీ టెండరు కేసుల్లో మా లాయర్లందరం పట్టుకునేది ఆ మాటనే. కానీ ఆ కాంట్రాక్టు మాత్రం రద్దు కాలేదు, ఎందుకంటే కేసు వేసినాయన నెలల తరబడి ఆలస్యం చేశాడు, ఈలోపు అవతలివాళ్ళు డబ్బు పెట్టేశారు.

స్టే, అంటే కేసు తేలేదాకా పని ఆపించడం, ఇంకా కష్టం. 2018లో స్పెసిఫిక్ రిలీఫ్ చట్టాన్ని సవరించి, మౌలిక సదుపాయాల పనులు ఆలస్యమయ్యేలా కోర్టులు ఇంజంక్షన్, అంటే ఆపమనే ఆర్డరు, ఇవ్వకూడదన్నారు. ఆ పనుల జాబితాలో ఘన వ్యర్థాల నిర్వహణ, అంటే మన కుప్ప పని, పేరుతో సహా ఉంది. ప్రభుత్వం మీద హైకోర్టులో వేసే రిట్లు వినేటప్పుడు కూడా ఇది మనసులో పెట్టుకోవాలని 2022లో సుప్రీంకోర్టు చెప్పింది. ఒక రకంగా న్యాయమే, రెండు కంపెనీల కొట్లాటలో మూడు వారాలు ఊళ్ళో కుప్ప ఎవరూ ఎత్తకపోతే ముందు జబ్బుపడేది మన పిల్లలే.

తమిళనాడులో 1998 నాటి టెండర్ల పారదర్శకత చట్టం ఉంది. దాని కింద ప్రభుత్వానికి అప్పీలు చేసుకోవచ్చు, గడువు పది రోజులే. కానీ చూడండి, ఆ అప్పీలు టెండర్ వేసినవాళ్ళ కోసం. వీధి ఊడ్చే అక్కకి అందులో చోటు లేదు, ఆ వీధిలో ఉండేవాళ్ళకీ లేదు. నాకు బాధ కలిగించేది ఇదే.

2025 ఆగస్టులో చూశాం కదా. ఐదు, ఆరు జోన్లు, అంటే రాయపురం, తిరు వి.క. నగర్ ప్రైవేటుకి ఇస్తున్నారని మనవాళ్ళు కార్పొరేషన్ ఆఫీసు రిప్పన్ బిల్డింగ్ ముందు పదమూడు రోజులు కూర్చున్నారు, పదమూడో తేదీ రాత్రి పోలీసులు ఎత్తేశారు. తర్వాత అలా ప్రైవేటుకి ఇవ్వాలన్న కార్పొరేషన్ తీర్మానాన్ని హైకోర్టు కొట్టేయలేదు, జీతాలు తగ్గకుండా చూడమంది. తీర్మానం అయిపోయి, కంపెనీ కూడా ఖరారయ్యాక వెళ్తే కోర్టు చేతిలో మిగిలేది అంతే.

మరి ఏం చేయాలి? గొడవ టెండరు కాగితం రాసేటప్పుడే మొదలవ్వాలి. ఈ ఊళ్ళో చెత్త ఎత్తడానికి 2000లో ఓనిక్స్ అనే ప్రైవేటు కంపెనీ వచ్చింది, తర్వాత నీల్ మెటల్, రాంకీ. అప్పట్లో టన్నుకింత అని డబ్బిచ్చేవాళ్ళు. అలా బరువుకి డబ్బిస్తే తడి, పొడి వేరు చేయడం కంపెనీకి నష్టమే కదా, అన్నీ కలిపి డంపింగ్ యార్డుకి తోలడమే లాభం. కొడుంగయ్యూర్ యార్డు పక్కన ఉండేవాళ్ళకి నేను చెప్పక్కర్లేదు. 2020లో పద్ధతి మార్చి, పనితీరు కొలిచి డబ్బివ్వడం మొదలుపెట్టారు. కొలిచేదెవరు, సరిగ్గా చేయకపోతే ఎంత కోస్తారు, కూలి ఎంతకి తగ్గకూడదు, పాత పనివాళ్ళని తీసుకుని తీరాలా లేదా, ఇవన్నీ ఆ కాగితంలోనే ఉండాలి. అందులో ఉంటే, రేపు కార్పొరేషనే దాన్ని తప్పినప్పుడు 1979 తీర్పు మనకి ఆయుధం అవుతుంది. లేకపోతే ఎంత ఏడ్చినా జడ్జిగారికి చూపించడానికి ఒక్క వాక్యం కూడా దొరకదు.

ఊళ్ళో రెండు వందల మంది కౌన్సిలర్లున్నారు. తీర్మానం సభకి రాకముందే మీ వార్డు కౌన్సిలర్‌కి రాతపూర్వకంగా ఇవ్వండి, ముద్ర వేయించుకుని నకలు దాచుకోండి. సమాచార హక్కు కింద టెండర్ పత్రాలు అడగండి, ముప్పై రోజుల్లో జవాబివ్వాలి.

ఒక పాత టెండర్ పత్రం నకలు వెనక బల్ల మీద పెట్టాను. టీ తాగి వచ్చాక జీతాల పేజీ నుంచి మొదలుపెడదాం, నేను చదువుతూ తెలుగులో చెప్తాను, మీరు ఆపి అడగండి.