అగ్రతాంబూలం ఒక్కరికే ఇస్తారండీ!

బడ్జెట్ వచ్చిన మర్నాడు ఏ తెలుగు పేపరైనా తెరవండి. ‘వ్యవసాయానికి అగ్రతాంబూలం’ అని ఉంటుంది. కాస్త కిందికి రండి, ‘విద్యకు అగ్రతాంబూలం’. పేజీ తిప్పితే ‘సాగునీటికి అగ్రతాంబూలం’. ఒకే బడ్జెట్టు, ఒకే పేపరు. ఇన్ని అగ్రతాంబూలాలు పంచిన పెళ్లికి మీరెప్పుడైనా వెళ్లారా? నేనైతే వెళ్లలేదు.

తాంబూలమంటే ఏంటో మీకు చెప్పక్కర్లేదు. నా గొడవంతా దాని ముందున్న ‘అగ్ర’ గురించి.

[స్క్రీన్ మీద: వెండి పళ్లెం, తమలపాకులు, వక్క]

పెళ్లి మంటపంలో పెద్దలకి తాంబూలాలు ఇచ్చే ఘట్టం గుర్తు తెచ్చుకోండి. పళ్లెం పట్టుకున్నాయన ఒక్క క్షణం ఆగుతాడు. ఎవరికి ముందివ్వాలి? ఈ పక్కన పిల్ల మేనమామ, ఆ పక్కన ఎనభై ఏళ్ల తాతగారు, ఎదురుగా వేదం చదువుకున్న పండితుడు. వెనకనుంచి ఎవరో మోచేత్తో పొడిచి ‘ముందు తాతగారికిరా’ అంటారు. అగ్ర అన్న మాట బతికేది ఆ కాస్త తడబాటులోనే.

ఇప్పుడు పళ్లెంలోకి చూడండి. మొదటాయనకి ఇచ్చినవి రెండాకులు, ఒక వక్క, పదకొండు రూపాయలు. పదిహేనో ఆయనకి ఇచ్చినవీ అవే. సరుకులో తేడా లేదు, తేడా అంతా వరసలోనే. అగ్ర అంటే ‘పెద్ద’ కాదు, ‘గొప్ప’ కాదు, ‘ఎక్కువ’ అంతకన్నా కాదు. వరసకి ఆ కొసన ఉన్నది, అంతే. కొస ఒక్కటే కాబట్టి అగ్రతాంబూలం కూడా ఒక్కటే.

నన్నడిగితే మన పేపర్లు పంచేది అగ్రతాంబూలం కాదు. ఇక్కడ బెంగళూరు చౌల్ట్రీల్లో భోజనం చేసి బయటికొస్తుంటే గేటు దగ్గర కొబ్బరికాయ, ఆకు, వక్క వేసిన సంచి చేతిలో పెడతారు చూడండి, అదీ. వచ్చినవాళ్లందరికీ ఒకటి. మంచి మర్యాదే, కాదనను. కానీ ఆ సంచి పట్టుకుని ‘నాకు అగ్రతాంబూలం ఇచ్చారు’ అంటే పక్కవాడు తన సంచి చూపిస్తాడు.

సరే, అగ్ర అంటే కొస అన్నాను. నమ్మకపోతే దాని చుట్టాలని పిలుద్దాం. నాసికాగ్రం అంటే ముక్కు కొన. కుశాగ్రబుద్ధి అంటే దర్భ కొసంత వాడి బుద్ధి. దర్భ చివర ఎంత ఉంటుందండీ? కంటికి సరిగ్గా ఆనదు. అత్యున్నత హోదాని చెప్పే మాట ఇంత సన్నటి చోట పుట్టింది. ఏకాగ్రత అంటే మనసుకి ఒక్కటే కొస ఉండటం. కొసలు చెదిరిపోతే వ్యగ్రత. అగ్రజుడంటే ముందు పుట్టినవాడు, అంతే. తమ్ముడికన్నా పొట్టిగా ఉండొచ్చు, తమ్ముడి దగ్గర అప్పు కూడా చేయొచ్చు. ఉగ్రానికీ దీనికీ మాత్రం చుట్టరికం లేదు, శబ్దం కలిసిందంతే.

బెంగళూరు వాళ్లకి ఇంకో చుట్టం ఉంది. ఎలక్ట్రానిక్ సిటీ పక్కన కోనప్పన అగ్రహార, ఇటు పరప్పన అగ్రహార. అగ్రహారమంటే పండిత కుటుంబాలకి రాజులు దానంగా రాసిచ్చిన ఊరు. ఈ రోజు ఇక్కడ ఎవరైనా ‘వాణ్ణి పరప్పన అగ్రహారానికి పంపారట’ అంటే వేదం నేర్చుకోవడానికి పంపారని ఎవరూ అనుకోరు. సెంట్రల్ జైలు అక్కడే ఉంది మరి.

సినిమా వార్తల గురించి కూడా ఒక మాట. ప్రతి హీరో ‘అగ్ర కథానాయకుడే’. పదిమంది అగ్ర కథానాయకులున్న పరిశ్రమలో మిగిలినవాళ్లు ఎక్కడున్నారో ఎవరైనా కనుక్కుని చెప్పాలి. ‘అగ్రశ్రేణి’ అంటే గొడవే లేదు. శ్రేణి అంటే వరస, ముందు వరసలో పదిమంది కూర్చోవచ్చు. రెండక్షరాలు అదనంగా టైపు చేస్తే పోయేదానికి బద్ధకం.

[స్క్రీన్ మీద: పీట ఒక పక్క, తాంబూలం ఒక పక్క]

అసలు విషయం ఇక్కడుంది. ఇంకో మాట కూడా మన దగ్గర ఉంది, ‘పెద్దపీట వేయడం’. పేపర్లలో ఈ రెండింటినీ మార్చి మార్చి వాడేస్తారు. ఒకటి కాదండీ. పీటకి వెడల్పు ఉంటుంది, తాంబూలానికి వంతు ఉంటుంది. పెద్దపీటలు ఎన్నైనా వేయొచ్చు, హాల్లో చోటుంటే చాలు. బడ్జెట్‌లో వ్యవసాయానికీ విద్యకీ సాగునీటికీ మూడు పెద్దపీటలు వేశారనండి, నాకే అభ్యంతరమూ లేదు. డబ్బు ఎంత ఇచ్చారన్నది పీట లెక్క. ముందు ఎవరి ఫైలు కదిలింది, ముందు ఎవరి బిల్లు పాసైందన్నది తాంబూలం లెక్క. పెద్దపీట మీద కూర్చున్నాయనకి తాంబూలం చివర్లో అందొచ్చు. గోడవారగా నిలబడ్డ ముసలామెకి మొదట అందొచ్చు.

మన ప్రభుత్వానికే ఇలాంటి తాంబూలాల జాబితా ఒకటుంది. టేబుల్ ఆఫ్ ప్రిసిడెన్స్ అంటారు, అంటే హోదాల్లో ఎవరి తర్వాత ఎవరో చెప్పే వరస. 1979 జులై 26న రాష్ట్రపతి సచివాలయం నోటిఫికేషన్‌గా ఇచ్చింది, తర్వాత సవరణలు జరిగాయి. మొదట రాష్ట్రపతి, రెండు ఉపరాష్ట్రపతి, మూడు ప్రధానమంత్రి. నాలుగు గవర్నర్లు, వాళ్ల వాళ్ల రాష్ట్రాల్లో ఉన్నప్పుడు. ముఖ్యమంత్రులు కూడా సొంత రాష్ట్రంలో ఉంటే ఏడు, కేంద్ర కేబినెట్ మంత్రుల సరసన. భారతరత్న వచ్చినవాళ్లు 7ఎ.

ఇప్పుడు చూడండి, దేశాన్ని నడిపే మంత్రివర్గానికి పెద్ద ఎవరు? మూడో తాంబూలం తీసుకునేవాడు. రాష్ట్రంలో పాలన ఎవరిది? ఏడో తాంబూలం తీసుకునే ముఖ్యమంత్రిది, నాలుగోది గవర్నర్‌దైనా సరే. వరస వేరు, పీట వేరు అని ఇంతకన్నా సాక్ష్యం ఏం కావాలి? ఆ జాబితా కిందున్న మొదటి నోట్ కూడా ఇదే చెబుతుంది: ఈ వరస ప్రభుత్వ ఉత్సవాలకీ లాంఛనాలకీ మాత్రమే, రోజువారీ పాలనకి వర్తించదు. వాట్సాప్‌లో ‘ప్రధానికన్నా ఉపరాష్ట్రపతికి పవర్ ఎక్కువ, ఇదిగో ప్రూఫ్’ అని ఈ జాబితా పంపే బాబాయిలందరూ ఆ నోట్ ఒక్కసారి చదవాలి.

ఇంకో తమాషా ఉంది. గవర్నర్ గానీ ముఖ్యమంత్రి గానీ సొంత రాష్ట్రం దాటితే ఎనిమిదికి దిగుతారు. అంటే కర్ణాటక గవర్నర్ కారెక్కి మనలాగే హైదరాబాద్ హైవే పట్టుకుని బాగేపల్లి దాటి కొడికొండ చెక్‌పోస్టు దగ్గర ఆంధ్రలోకి వచ్చారనుకోండి. బాగేపల్లిలో నాలుగు, కొడికొండలో ఎనిమిది. మనిషి అదే, కారు అదే. మారింది వరస. కాబట్టి ‘అగ్ర’ అని ఎవరైనా అంటే అడగాల్సిన మొదటి ప్రశ్న, ఏ వరసలో?

రెండో ప్రశ్న, ఏ లెక్కన? ఇది నేను కనిపెట్టింది కాదు, శిశుపాలుడు ఎప్పుడో అడిగాడు. ధర్మరాజు రాజసూయం చేశాడు. వచ్చినవాళ్లలో అగ్రపూజ ఎవరికి అని భీష్ముణ్ణి అడిగితే కృష్ణుడికి అన్నాడు. సహదేవుడు అర్ఘ్యం ఇచ్చాడు. అక్కడ తాంబూలం కాదు, అర్ఘ్యం. శిశుపాలుడు లేచాడు. అతని తిట్లు పక్కన పెట్టి వాదన వినండి. వయసు లెక్కనైతే కృష్ణుడి తండ్రి వసుదేవుడే ఉన్నాడు కదా. గురువు లెక్కనైతే ద్రోణుడున్నాడు. యజ్ఞం చేయించే ఋత్విక్కు లెక్కనైతే వ్యాసుడున్నాడు. హితం కోరేవాడనుకుంటే ద్రుపదుడున్నాడు. మరి ఏ లెక్కన ఇచ్చారు?

బుద్ధి మంచిది కాకపోయినా ప్రశ్న మాత్రం మంచిదండీ. భీష్ముడు కూడా ‘నోర్మూసుకో’ అని వదిలేయలేదు, లెక్క చెప్పాడు. బ్రాహ్మణుల్లో జ్ఞానాన్ని బట్టి, క్షత్రియుల్లో బలాన్ని బట్టి పెద్దరికం. ఆ రెండూ కృష్ణుడిలో ఉన్నాయన్నాడు. కొలబద్ద మారితే కొస మారుతుంది. తర్వాత ఆ మీటింగు ఎలా ముగిసిందో మీకు తెలుసు. సుదర్శనం వచ్చాక చర్చకి అవకాశం ఉండదు.

‘అగ్రవర్ణం’ అన్న మాట విన్నప్పుడు కూడా నాకు ఈ రెండో ప్రశ్నే గుర్తొస్తుంది. ఆ వరస పెట్టినప్పుడు పళ్లెం ఎవరి చేతిలో ఉంది? పళ్లెం పట్టుకున్నవాళ్లే మొదటి తాంబూలం తమ జేబులో వేసుకున్న పెళ్లి అది. మాట వాడేవాళ్లు చాలామంది అది ఒక కొలత అనుకుంటారు, ఒకప్పటి పంపకం అనుకోరు.

[స్క్రీన్ మీద: ఆఫీసు టికెట్ల బోర్డు]

ఇక మనలో సగం మంది అన్నం తినే చోటికి వద్దాం. ఔటర్ రింగ్ రోడ్డు మీద ఏ సాఫ్ట్‌వేర్ ఆఫీసులోకైనా వెళ్లి బగ్గుల జాబితా, అంటే సాఫ్ట్‌వేర్‌లో దొరికిన తప్పుల జాబితా చూడండి. దెబ్బ ఎంత పెద్దదో చెప్పే సివియారిటీ అని ఒక గడి, ఎంత ముందు బాగుచేయాలో చెప్పే ప్రయారిటీ అని ఒక గడి. ఇంటర్వ్యూల్లో తేడా చెప్పమంటే మన పిల్లలు ఇంగ్లిష్‌లో బట్టీ పట్టింది గడగడా అప్పజెప్పేసి, ఉద్యోగంలో చేరిన వారానికి రెండు గడుల్లోనూ ‘హై’ కొట్టేస్తారు.

సివియారిటీ పీట, ప్రయారిటీ తాంబూలం. హోం పేజీలో కంపెనీ పేరే తప్పు పడింది. సాఫ్ట్‌వేర్‌కి ఏ దెబ్బా లేదు, అన్నీ నడుస్తున్నాయి. చిన్న పీట. కానీ మధ్యాహ్నం క్లయింటు ముందు డెమో ఉంది. మొదటి తాంబూలం దానికే. తిరగేసి చూడండి. ఏడాదికోసారి తీసే పాత రిపోర్టు ఒకటుంది, ఆ బటన్ నొక్కితే అప్లికేషన్ మొత్తం పడిపోతుంది. చాలా పెద్దపీట. మార్చి నెలాఖరు దాకా ఎవరూ నొక్కరు. తాంబూలం తర్వాత.

సివియారిటీ చెప్పాల్సింది టెస్టర్, ఎందుకంటే దెబ్బ ఎంతో చూసింది ఆయన. ప్రయారిటీ చెప్పాల్సింది వ్యాపారం తెలిసిన మేనేజరు. చాలా టీముల్లో గొంతు పెద్దదైనవాళ్లు రెండూ చెప్పేస్తారు. ఒకచోట పనిచేసినప్పుడు సోమవారం పొద్దున బోర్డు తెరిస్తే అన్నీ పీ వన్‌లే, అంటే ప్రయారిటీ ఒకటిలే ఉండేవి. అందులోంచి నిజంగా ముందు చేయాల్సింది ఏదో పక్క సీటాయన్ని రహస్యంగా అడిగి తెలుసుకునేవాళ్లం. అసలు ఒకటికి ముందు ఈ పీ జీరో ఎందుకు పుట్టుకొచ్చింది? ఒకటో నంబరు తాంబూలాలన్నీ గేటు దగ్గరి సంచులైపోయాయి కాబట్టి అని నా అనుమానం. ఇప్పుడు జీరోలు కూడా సంచుల్లోకే పోతున్నాయి. తర్వాత మైనస్ వన్ వస్తుంది, చూస్తూ ఉండండి.

టైమ్ అయిపోతోంది, మిగిలినవి గబగబా చెప్పేస్తాను.

రైలు టికెట్లు. సంక్రాంతికి ఊరెళ్లడానికి వెయిటింగ్ లిస్ట్ చూసి ‘నాది ఎనిమిదే, నీది ఇరవై’ అని మురిసిపోకండి. ఎనిమిది పక్కన పీక్యూడబ్ల్యూఎల్ అని ఉండి ఇరవై పక్కన జీఎన్‌డబ్ల్యూఎల్ అని ఉంటే, మామూలుగా ఆ ఇరవైకే ఎక్కువ ఆశ. రెండూ వేరు వేరు వరసలు. జీఎన్ అంటే జనరల్ వరస, పీక్యూ అంటే మధ్య స్టేషన్ల వాళ్లందరికీ కలిపి పెట్టిన కోటా, అందులో సీట్లు తక్కువ. ఏ వరసలో అన్న మొదటి ప్రశ్న అడిగారా లేదా?

ఆసుపత్రి క్యాజువాలిటీ. ముందొచ్చినవాళ్లని కాకుండా తర్వాతొచ్చినాయన్ని లోపలికి తీసుకెళ్తే గొడవ పడతాం. అక్కడ వరస వచ్చిన టైమును బట్టి కాదు, ప్రాణం మీదికి ఎంత వచ్చిందన్నదాన్ని బట్టి. రెండో ప్రశ్న, ఏ లెక్కన. ఇక్కడ మాత్రం శిశుపాలుడిలా లేచి నిలబడకండి.

ఆఖరుది, కామెంట్లలో తిట్టేవాళ్ల కోసం. ‘ప్రాధాన్యత’ అని రాస్తున్నాం కదా, నేనూ నోరు జారి అంటాను. ప్రధానానికి భావం ‘ప్రాధాన్యం’, అక్కడితో అయిపోయింది. దానికి మళ్లీ ‘త’ తగిలించడం తాంబూలం ఇచ్చాక అదే మనిషిని పిలిచి ఇంకో తాంబూలం ఇవ్వడమే. ‘ప్రాముఖ్యత’ కూడా అంతే. వ్యాకరణం వాళ్లు మొత్తుకుంటూనే ఉన్నారు, జనం వాడుతూనే ఉన్నారు, జనమే గెలుస్తారనిపిస్తోంది. కానీ ‘ప్రాధమిక పాఠశాల’ అని ధ పెట్టి రాసే బోర్డుల మీద మాత్రం నేను రాజీ పడను. ప్రథమానికి థ. పిల్లలు అక్షరాలు దిద్దుకునే చోట బోర్డుకే దిద్దుబాటు కావాలంటే ఎలాగండీ!