‘ఇంకా నువ్వే’: నాలుగు గురువుల మాట

అందరికీ నమస్కారం. వేదిక మీది పెద్దలకు పేరుపేరునా దండం పెట్టాలి గానీ, ఉన్నది పదిహేను నిమిషాలు. నేరుగా పాటలోకి వెళ్దాం.

మీరంతా పెళ్లిళ్లకూ షష్టిపూర్తులకూ పాడేవాళ్లు, పాటలు రాసేవాళ్లు. అరవై నిండిన దంపతుల్ని పీటల మీద కూర్చోబెట్టి, తొలిచూపు పాటలే వినిపిస్తున్నాం. మరి కలిసి గడిపిన ఆ ముప్పై ఐదేళ్ల మీద పాట ఏది? అందుకే ఇవాళ షానియా ట్వైన్ ‘యూ ఆర్ స్టిల్ ది వన్’ను, అంటే ‘ఇన్నేళ్లకూ నా మనిషివి నువ్వే’ అనే పాటను, విప్పి చూడాలి.

కెనడాలోని టిమ్మిన్స్‌లో పెరిగిన గాయని ఆమె. 1993లో రాబర్ట్ జాన్ ‘మట్’ లాంగ్‌ను పెళ్లాడింది. ఆయన పెద్ద రాక్ బృందాల ఆల్బమ్‌ల నిర్మాత, ఆమెకన్నా దాదాపు పదిహేడేళ్లు పెద్ద. ఆ కాపురం నిలవదని చాలామంది అన్నారు. ఆ మాటకు జవాబుగా ఇద్దరూ కలిసి రాసిన పాట ఇది. 1997లో ‘కమ్ ఆన్ ఓవర్’ ఆల్బమ్‌లో వచ్చింది. 1998లో సింగిల్‌గా, అంటే విడి పాటగా విడుదలై కంట్రీ (అమెరికా పల్లె బాణీ) పాటల పట్టికలో మొదటి స్థానానికి చేరింది. అమెరికా మొత్తం పాటల పట్టికలో తొమ్మిది వారాలు రెండో స్థానంలో ఉంది. 1999లో రెండు గ్రామీ సంగీత పురస్కారాలు తెచ్చింది. 2010లో వాళ్లు విడాకులు తీసుకున్నారు. దాంతో పాట అబద్ధమైపోయిందంటే నేను ఒప్పుకోను. రాసిన రోజున అది నిజం. పాడించుకునే ప్రతి జంటకూ అది వాళ్ల సొంత నిజం.

శ్రుతి ఇ ఫ్లాట్, అంటే మన పాటగాళ్ల లెక్కలో రెండున్నర. వేగం నిమిషానికి 67 దెబ్బల దగ్గర. ఒక్కసారి చేత్తో తాళం వేయండి... ఇంకా నెమ్మదిగా... అదీ! నాలుగు దెబ్బలకు మూడున్నర సెకన్లకు పైనే పట్టాలి. జనం ఊగడం లేదని డ్రమ్మర్ 75కి లాగితే అది 3.2 సెకన్లకు పడిపోతుంది. పోయేది అర సెకను కూడా కాదు, కానీ గాయని ఊపిరి తీసుకునే చోటు అదే. ఊపిరి అందకపోతే వాక్యం చివర తెగిపోతుంది.

పల్లవిలో కార్డులు, అంటే కలిపి మోగించే స్వరాల గుంపులు, నాలుగు: ఇ ఫ్లాట్, ఏ ఫ్లాట్, ఎఫ్ మైనర్, బి ఫ్లాట్. గిటార్‌కి ఒకటో ఫ్రెట్ (మెట్టు) మీద కాపో, అంటే తీగలన్నిటినీ నొక్కిపట్టే క్లిప్, పెడితే డి, జి, ఇ మైనర్, ఎ అవుతాయి. కీబోర్డు వాళ్లలో కొందరు దిగులుగా మోగే ఆ మైనర్‌ను మింగేసి, ఏ ఫ్లాట్‌నే సాగదీస్తారు. దయచేసి అలా చేయకండి. దాటి వచ్చిన కష్టాల నీడంతా ఆ ఒక్క మైనర్‌లోనే ఉంది. బి ఫ్లాట్ గుమ్మం దాకా తెచ్చి ఆపుతుంది, మళ్లీ ఇ ఫ్లాట్ వస్తేనే ఇల్లు చేరినట్టు.

ఇంకోటి చెప్పి తీరాలి. పాట మొదలవకముందు ఆమె కొన్ని మాటలు మామూలు గొంతుతో అంటుంది. పాటలో ఇలా మాట్లాడటం కంట్రీ సంగీతంలో పాత అలవాటు. మన వేదికల మీద దాన్ని కోసేస్తున్నారు, లేదా ఎకో పెట్టి పాడేస్తున్నారు. అయ్యా, అమ్మా, ఆ మాటలు తీసేస్తే మిగిలేది ఇంకో ప్రేమపాటే! వంటింట్లో కూర్చుని చెప్పినట్టు చెప్పాలి. మైకు నోటికి నాలుగు వేళ్ల దూరంలో ఉండాలి, రివర్బ్ (గది మోత) బాగా తగ్గించాలి. చరణం కూడా కింది స్థాయిలోనే నడుస్తుంది. గొంతు మెరిపించుకోవడానికి శ్రుతి పెంచితే ఆ మాట్లాడే తీరు పోతుంది. గమకాలు వద్దు. యుగళంగా పాడితే మగగొంతు కిందే ఉండాలి. ఆ ఆల్బమ్‌లో నేపథ్య గాత్రం లాంగ్‌దే. భర్త వెనకనుంచి తోడు పలుకుతాడు, ముందుకు రాడు.

ఇక రాసేవాళ్లకు. ‘స్టిల్’ను తెలుగులోకి తేవడం దగ్గరే అందరూ జారిపడతారు. ‘ఇప్పటికీ నువ్వే’ అంటే ఆరు అక్షరాలు, మధ్యలో రెండు లఘువులు, అంటే పొట్టిగా పలికేవి. నెమ్మది నడకలో అవి గబగబా దొర్లిపోతాయి. ‘ఇంకా నువ్వే’ చూడండి: ఇం, కా, ను, వ్వే. నాలుగూ గురువులే, నిలిచి పలికే అక్షరాలే. అసలు వరుసలోనూ నాలుగు అక్షరాలే, సరిగ్గా కూర్చుంటుంది. పైగా ఇంగ్లిష్‌కు ‘ది వన్’ అని రెండు మాటలు కావాలి, మనకు ‘నువ్వే’ చివరి ఏకారం చాలు. ఒక్క ప్రమాదం ఉంది. ‘ఇంకా’ మన వాడుకలో విసుగు మాట. ‘ఇంకా రాలేదా?’ అంటాం కదా. ‘వ్వే’ దగ్గర స్వరం పైకి లేపితే ‘ఇంకా నువ్వేనా?’ అని విసుక్కున్నట్టు వినిపిస్తుంది. కిందికి దించి ఆపండి, రెండు దెబ్బలు నిలపండి.

కీబోర్డు దగ్గరున్న బాబూ, రెండున్నర పెట్టు నాయనా. డ్రమ్స్ ఇప్పుడే వద్దు. ముందు మాటలు.