చచ్చినవాడికే చేతులు ఖాళీ

అందరికీ నమస్కారం.

ముందు నేను చేసిన ఒక వెధవ పని చెప్తాను. టీమ్‌గా ఆడే షూటింగ్ గేమ్ అది. నేను మేడ మీద కిటికీ దగ్గర కాపలా ఉన్నాను. కింద మావాడొకడు తలుపు మీదే చూపు పెట్టుకుని కూర్చున్నాడు. వాడి వెనక మెట్ల మీంచి ఎనిమీ మెల్లగా దిగుతున్నాడు. నాకు మైక్ లేదు. గబగబా ఎంటర్ కొట్టి "నీ వెనక మెట్ల మీద ఒకడున్నాడు చూసుకో" అని రాయడం మొదలుపెట్టాను. "నీ వెనక మెట్ల" దాకా వచ్చానో లేదో, కింద వాడు పోయాడు. మరో రెండు సెకన్లలో నేనూ పోయాను. పోనా మరి! టైప్ చేస్తున్నంతసేపూ నా క్యారెక్టర్ కిటికీలో దిష్టిబొమ్మలా నిలబడి ఉంది. ఇంతటితో ఆగినా పరువు దక్కేది. సగం రాసిన వాక్యం ఎలాగూ ఉంది కదా అని పూర్తిచేసి మరీ పంపాను. ఇద్దరం చచ్చాక హెచ్చరిక చేరింది. అవతలి నుంచి ఒక్క ప్రశ్నార్థకం వచ్చింది, అంతే.

అదే మాట ఆ గేమ్‌లో ముందే రాసిపెట్టిన మాటల మెనూలో ఉంది, రెండు కీలు నొక్కితే సరిపోయేది. అప్పటికి మూడు నెలలుగా ఆడుతున్నాను, ఆ మెనూ తెరిచి చూసిన పాపాన పోలేదు. ఇవాళ మాట్లాడేది ఆ రెండు కీల గురించి, అవి ఎందుకు పుట్టాయన్న దాని గురించి.

మొదట్లో ఈ సమస్యే లేదు. 1978లో ఇంగ్లండ్‌లోని ఎసెక్స్ యూనివర్సిటీలో రాయ్ ట్రబ్‌షా అనే విద్యార్థి మడ్ అనే గేమ్ రాయడం మొదలుపెట్టాడు. తర్వాత రిచర్డ్ బార్టిల్ దాన్ని ముందుకు తీసుకెళ్లాడు. పలువురు ఒకేసారి తిరిగే ప్రపంచం, కానీ బొమ్మ ఒక్కటీ లేదు, మొత్తం అక్షరాలే. ఉత్తరానికి నడవాలన్నా టైప్ చేయాలి, కత్తి తీయాలన్నా టైప్ చేయాలి, పక్కవాడిని పలకరించాలన్నా టైప్ చేయాలి. మాటకీ చేతకీ ఒకటే దారి కాబట్టి మాట్లాడినంత మాత్రాన కొత్తగా పోయేదేమీ లేదు.

మాట, ఆజ్ఞ ఒకే గీత మీద నడిస్తే ఏది ఏదో చెప్పడానికి ఒక గుర్తు కావాలి. చాలా గేముల్లో ఆ గుర్తు స్లాష్. 2004లో వచ్చిన వరల్డ్ ఆఫ్ వార్‌క్రాఫ్ట్ ఆడినవాళ్లకి ఇది వేళ్లకి అలవాటైపోయి ఉంటుంది. స్లాష్ పెట్టి ఎస్ అంటే చుట్టుపక్కల వాళ్లకి, పీ అంటే మనతో కలిసి ఆడే పార్టీకి, డబ్ల్యూ అంటే ఒక్కడికే చెవిలో చెప్పినట్టు, ఆర్ అంటే ఆఖరున చెవిలో చెప్పినవాడికి జవాబు. స్లాష్ పెట్టి రోల్ అంటే ఒకటి నుంచి వంద లోపు ఒక అంకె పడుతుంది, దొరికిన సొత్తు ఎవరికో దాంతో తేల్చుకుంటారు. ఇంకో తమాషా ఏంటంటే, అందులో ఎదుటి వర్గం వాళ్లు మాట్లాడితే మీకు అర్థంలేని అక్షరాలు కనబడతాయి. కావాలనే అలా చేశారు. ఒక వర్గం వాళ్లు నవ్వుతూ "లోల్" అని కొడితే అవతలి వర్గానికి "కెక్" అని కనబడేది. పోనుపోనూ ఆ కెక్కే నవ్వుకి ఇంకో పేరైపోయింది. వద్దని గోడ కడితే గోడ మీద కూడా మాట మొలిచింది.

ఈ స్లాష్‌తో జాగ్రత్తగా ఉండాలి. దానికి ముందు పొరపాటున ఒక ఖాళీ పడితే కొన్ని గేములు దాన్ని ఆజ్ఞగా తీసుకోవు, మామూలు మాట అనుకుని అందరికీ చూపించేస్తాయి. మా గ్రూప్ లీడర్‌కి లెక్క రాదని నేను నా స్నేహితుడి చెవిలో చెప్పబోయిన మాట అలాగే ఇరవై మందికి కనబడింది. లీడర్ పెద్దమనిషి, "నిజమే" అని ఊరుకున్నాడు. గేమ్ సర్వర్లకి ఇంతకంటే పెద్ద దెబ్బే తగిలింది. 2021 డిసెంబర్‌లో లాగ్‌ఫోర్‌జేలో, అంటే ప్రోగ్రాములు తమ రికార్డు రాసుకోవడానికి వాడే ఒక జావా కోడ్ లైబ్రరీలో, లోపం బయటపడింది. మైన్‌క్రాఫ్ట్ జావా ఎడిషన్‌లో చాట్‌లో ఒక ప్రత్యేకమైన వరస పంపితే చాలు, దాన్ని రికార్డు చేసుకునే సర్వర్ అది మాట అనుకోకుండా ఆజ్ఞ అనుకుని బయటి కోడ్ తెచ్చి నడిపేది. హడావిడిగా ప్యాచ్‌లు వేశారు.

సరే, మన చేతుల సంగతికి వద్దాం. బొమ్మలు వచ్చాక, ముఖ్యంగా 1996లో క్వేక్ లాంటి షూటింగ్ గేములు వచ్చాక, చేతులు పంచుకోవాల్సి వచ్చింది. ఎడమ చెయ్యి నడకకి, కుడి చెయ్యి మౌస్‌కి. మాటకి మిగిలిన చెయ్యి లేదు. చాట్ పెట్టె తెరవగానే అదే కీబోర్డు అక్షరాలకి వెళ్లిపోతుంది, కాళ్లు ఆగిపోతాయి. అలా చాట్ తెరుచుకుని ఉందని తెలియక ముందుకి పరిగెడుతున్నాననుకున్నవాళ్లు డబ్ల్యూ డబ్ల్యూ డబ్ల్యూ (ముందుకి నడిపే కీ అదే) అని ఓ గీత నిండా పంపడం మీరూ చూసే ఉంటారు. మనందరం చేసిన పనే.

క్వేక్ ఆటగాళ్లు దీనికి చేసుకున్న ఉపాయం నాకు చాలా ఇష్టం. తీరిగ్గా ఉన్నప్పుడే వాక్యం రాసిపెట్టుకుని ఒక కీకి కట్టేసేవాళ్లు. దాన్ని బైండ్ చేయడం అంటారు. ఆటలో ఆ కీ నొక్కితే వాక్యం మొత్తం టీమ్‌కి వెళ్తుంది. క్వేక్‌ని నెట్ మీద ఆడడానికి వచ్చిన క్వేక్‌వరల్డ్‌లో ఇంకో అడుగు ముందుకేసి, మన ఒంట్లో ఎంత ప్రాణం మిగిలిందో, ఎక్కడ ఉన్నామో వాక్యంలో దానంతట అదే చేరేలా పెట్టుకున్నారు. ఇవాళ మనం క్విక్ కమాండ్ అంటున్నది ఇదే పని. గేమ్ తయారుచేసినవాళ్లు మన తరఫున ముందే రాసిపెడుతున్నారు, అదొక్కటే తేడా.

కౌంటర్ స్ట్రైక్ పాత వెర్షన్లలో జెడ్, ఎక్స్, సీ కీల కింద మూడు మెనూలు ఉండేవి. సీ కొట్టి రెండు కొడితే ఎనిమీ కనబడ్డాడని, మూడు కొడితే సాయం కావాలని మీ క్యారెక్టర్ రేడియోలో అరుస్తుంది. మీరు ఏమీ నొక్కకపోయినా గ్రెనేడ్ విసిరినప్పుడల్లా "ఫైర్ ఇన్ ద హోల్" అనేది. 1998లో వచ్చిన స్టార్‌సీజ్ ట్రైబ్స్‌లో వీ కీతో మొదలయ్యే పెద్ద చెట్టే ఉంది, ఒక్కో అక్షరం నొక్కుతూ కొమ్మ నుంచి రెమ్మకి దిగాలి. తర్వాత స్మైట్ అనే గేమ్ కూడా అదే దారి పట్టింది. వీ, ఎఫ్, ఒకటి అని నొక్కితే ఎడమ లేన్‌లో, అంటే ఎడమవైపు దారిలో, ఎనిమీ కనబడట్లేదని అర్థం. వినడానికి గజిబిజిగా ఉంటుంది. వారం ఆడితే మాత్రం వేళ్లే మాట్లాడతాయి, మీరు ఆలోచించరు.

వీటన్నిటికీ ఒక పెద్ద లోటు ఉండేది. "అక్కడ ఉన్నాడు" అంటే ఎక్కడ? నాకు ఎడమ అయింది నాకు ఎదురుగా నిలబడినవాడికి కుడి అవుతుంది. ఆ ఎర్ర బిల్డింగ్ అంటే ఏ ఎర్ర బిల్డింగ్? పింగ్ వచ్చింది దీనికోసమే. (నెట్ స్లోగా ఉందని "పింగ్ ఎక్కువైంది" అంటాం చూడండి, అది వేరే పింగ్. పేర్లు పెట్టినవాళ్ల పుణ్యం.) గురిపెట్టి బటన్ నొక్కితే ఆ చోటే అందరి తెరల మీదా వెలుగుతుంది. 2019లో వచ్చిన ఎపెక్స్ లెజెండ్స్ దీన్ని చాలా దూరం తీసుకెళ్లింది. నేలని పింగ్ చేస్తే అటు వెళ్దాం అని, వెంటవెంటనే రెండుసార్లు నొక్కితే అక్కడ ఎనిమీ అని. తుపాకీ మీద నొక్కితే క్యారెక్టర్ దాని పేరు చదివి చెప్తుంది, ఇంకొకడు ఆ గుర్తు మీద నొక్కి "అది నాది" అని రాయించుకోవచ్చు. ఒక్క బటన్, గురి దేని మీద ఉంటే మాట అదవుతుంది. ముక్కూ మొహం తెలియని ముగ్గురు మైక్ లేకుండా మొత్తం మ్యాచ్ నడిపేస్తారు. 2021 ఆగస్టులో ఎపెక్స్ వెనకున్న ఈఏ సంస్థ ఈ పింగ్ మీద తనకున్న పేటెంట్‌ని ఎవరైనా ఉచితంగా వాడుకోవచ్చని ప్రకటించింది. వినలేనివాళ్లకీ మాట్లాడలేనివాళ్లకీ ఇది ఎంత పనికొస్తుందో చూసి చేసిన పని అది.

భాష రానివాళ్ల మధ్యా ఇదే వంతెన. 2000 డిసెంబర్‌లో డ్రీమ్‌కాస్ట్ అనే గేమ్ కన్సోల్ మీద వచ్చిన ఫాంటసీ స్టార్ ఆన్‌లైన్‌లో వాక్యాలు తయారుగా ఉండేవి. మీరు జపనీస్‌లో ఎంచుకుంటే అవతలివాడికి ఇంగ్లిష్‌లోనో ఫ్రెంచ్‌లోనో కనబడేది. రెండేళ్ల తర్వాత ఫైనల్ ఫాంటసీ ఎలెవెన్ కూడా అలాంటిదే పెట్టింది. పదం మొదలుపెట్టి ట్యాబ్ నొక్కితే అది ఎదుటివాడి భాషలోకి మారుతుంది. స్వేచ్ఛగా టైప్ చేసిన వాక్యం కంటే డబ్బాలోంచి తీసిన వాక్యమే ఎక్కువ దూరం వెళ్లిందన్నమాట.

ఇంతవరకూ బాగానే ఉంది. మంచి మాటలు మాత్రమే పెట్టిన మెనూ ఇస్తే మనుషులు మంచిగానే మాట్లాడతారని తయారుచేసినవాళ్లు అనుకున్నారు. వాళ్లకి మనం తెలియదు. కార్లతో ఫుట్‌బాల్ ఆడే రాకెట్ లీగ్‌లో "వాట్ ఎ సేవ్!" అని ఒక మెచ్చుకోలు ఉంది, అంటే గోల్ భలే ఆపావు అని. దాన్ని గోల్ ఆపలేకపోయిన వాడి మీద మూడుసార్లు వరసగా కొడతారు. వరసగా కొడితే కాసేపు చాట్ మూసేసే ఏర్పాటు ఆ గేమ్‌లో ఉంది, కానీ ఆలోపు తగలాల్సింది తగిలేస్తుంది. హార్త్‌స్టోన్ అనే కార్డుల గేమ్‌లో అపరిచితుడితో ఆడేటప్పుడు టైపింగే లేదు, ఉన్నవి అరడజను పలకరింపులు. అందులో "సారీ" ఒకటి. చావుదెబ్బ కొట్టబోయే ముందు సారీ అనడం ఫ్యాషన్ అయిపోయి, 2016లో దాన్ని తీసేసి "వావ్" పెట్టారు. వెంటనే వావ్‌తో వెక్కిరించడం మొదలైంది. రెండు టీమ్‌లు తలపడే లీగ్ ఆఫ్ లెజెండ్స్‌లో ఎనిమీ కనబడట్లేదని చెప్పడానికి ఉన్న ప్రశ్నార్థకపు పింగ్‌ని చచ్చిన సాటి ఆటగాడి శవం మీద కొడతారు. నాకు వచ్చిన ప్రశ్నార్థకం కూడా ఆ జాతిదే, అది టైప్ చేసింది అంతే.

ఇక్కడ నేను గమనించినది ఒకటి చెప్పాలి. గొడవలు ఎప్పుడు మొదలవుతాయో చూశారా? ఆట హోరాహోరీగా ఉన్నప్పుడు చాట్ నిశ్శబ్దంగా ఉంటుంది. బతికున్నవాడికి తీరిక ఉండదు. పోయినవాడు, మళ్లీ లేవడానికి ముప్ఫై, నలభై సెకన్లు ఆగాల్సినవాడు, వాడికి రెండు చేతులూ ఖాళీ, కోపం నిండుగా ఉంది, ఎదురుగా మిగతావాళ్లు చేసే తప్పులు తెర మీద కనబడుతున్నాయి. పెద్ద పెద్ద వాక్యాలు రాసేది వాడే. ఆట ఎలా ఆడాలో అందరికీ చెప్పేదీ వాడే. చదవాల్సిన వాళ్లేమో చేతులు ఖాళీ లేనివాళ్లు. ఒకడు తెగించి జవాబు రాయబోయాడంటే వాడూ పోతాడు, ఇప్పుడు ఖాళీ చేతులు నాలుగు.

2021 అక్టోబర్‌లో లీగ్ ఆఫ్ లెజెండ్స్ వాళ్లు ఎదుటి టీమ్‌తో మాట్లాడే ఆల్ చాట్‌ని కొంతకాలం ఆపేశారు. సొంత టీమ్‌తో చాట్ మాత్రం ఉంచారు, ప్లాన్ చేసుకోవాలి కాబట్టి. నా అనుభవంలో అసలు తిట్లన్నీ సొంతవాళ్ల నుంచే. ఎదుటివాడికి మన మీద కోపం ఎందుకు, మనం ఓడిపోతుంటే.

అయితే టెక్స్ట్ చాట్ తీసిపారేయాల్సిందేమీ కాదు. మ్యాచ్ మొదలవకముందు, రౌండ్‌కీ రౌండ్‌కీ మధ్య, వస్తువులు మార్చుకునేటప్పుడు దాన్ని మించింది లేదు. మనలో దొంగ ఎవరో తేల్చే అమాంగ్ అస్‌లో మీటింగ్ అంతా దాని మీదే నడుస్తుంది. మైక్ తెరిస్తే మీ వయసు, ఆడో మగో, ఇంట్లో ఎవరున్నారో అన్నీ బయటపడతాయి, అక్షరాలు అవేవీ చెప్పవు. చాలామంది ఇందుకే మైక్ ముట్టరు, నేను తప్పుపట్టను. ఆటగాళ్ల పొట్టి మాటలు కూడా సమయం మిగుల్చుకోవడానికి పుట్టినవే. ఓఎండబ్ల్యూ అంటే వస్తున్నా, ఏఎఫ్‌కే అంటే కీబోర్డు దగ్గర లేను. ఏఎఫ్‌కే అని చెప్పకుండా లేచిపోయేవాళ్ల గురించి మాట్లాడితే మాత్రం ఈ సభ సాయంత్రం దాకా నడుస్తుంది. జీజీ అంటే గుడ్ గేమ్. స్టార్‌క్రాఫ్ట్ పోటీల్లో ఓటమి ఒప్పుకునేవాడు జీజీ కొట్టి బయటికి వెళ్తాడు, అది మర్యాద. గెలుస్తున్నవాడు ముందే కొడితే అదే తిట్టు.

కొత్తగా ఆడుతున్నవాళ్లు ఇవాళ ఇంటికి వెళ్లాక చేయగలిగిన పని ఒకటుంది. మీ గేమ్ ప్రాక్టీస్ మోడ్ తెరిచి, ఎంటర్ కొడితే మాట ఎవరికి వెళ్తుందో, షిఫ్ట్‌తో కలిపి కొడితే ఎవరికి వెళ్తుందో చూడండి. తర్వాత క్విక్ మెనూలో ప్రమాదం, వస్తున్నా, సాయం కావాలి, ఈ మూడు వేలికి అందేలా పెట్టుకోండి. మెచ్చుకోలు నాలుగోది. మ్యూట్ బటన్ ఎక్కడుందో గొడవ వచ్చాక వెతుక్కోకుండా ఇప్పుడే చూసిపెట్టుకోండి. టైప్ చేయక తప్పకపోతే గోడ చాటుకి వెళ్లి చేయండి, కిటికీలో వద్దు. ఆజ్ఞ కంటే సమాచారం రాయండి. "నీకెందుకు అటు" అన్నది చదివినవాడికి ఏమీ తెలియదు, "మెట్లు ఇద్దరు" అంటే తెలుస్తుంది.

నా మటుకు నేను ఒక అలవాటు చేసుకున్నాను. క్యారెక్టర్ పోగానే చేతులు కీబోర్డు మీంచి తీసేసి నీళ్ల గ్లాసు పట్టుకుంటాను. రెండు చేతులతోనూ. మళ్లీ లేచేదాకా దించను. మొన్న వరసగా ఆరుసార్లు పోయాను, లీటరు నీళ్లు తాగి ఉంటాను. ఏడోసారి గ్లాసు ఖాళీ అయిపోయింది, ఏం రాశానో మాత్రం ఇక్కడ చెప్పను.

ప్రశ్నలుంటే అడగండి. మైక్ అటు పంపిస్తున్నారు. మైక్ ఇష్టం లేనివాళ్లు టైప్ చేసి పంపినా సరే.