బండికి రిపేరొచ్చింది, రిపేరు చేయించాలి

మొన్న ఆదివారం పొద్దున మా వీధిలోకి ఒక ఆటో వచ్చింది. పైన మైకు, మైకులో రికార్డు చేసిన గొంతు. మీరందరూ విన్న గొంతే. "గ్యాస్ స్టవ్ రిపేర్ చేయబడును... కుక్కర్లు, మిక్సీలు రిపేర్ చేయబడును..." మా అమ్మ వంటింట్లోంచి ఒక్క కేక పెట్టింది. "ఒరేయ్, ఆ ఆటో ఆపరా! మన స్టవ్వుకి రిపేరొచ్చిందిగా, రిపేరు చేయించేద్దాం."

పరిగెత్తి ఆపాను. ఆపాక అమ్మ అన్నది మళ్ళీ ఒకసారి నాలో నేను అనుకుని చూశాను. స్టవ్వుకి రిపేరొచ్చింది. రిపేరు చేయించేద్దాం. ఒక్క మాటలో రెండు రిపేర్లు. మొదటిది జబ్బు, రెండోది మందు.

నమస్తే అండి. ఇవాళ వీడియో అంతా ఈ ఒక్క మాట మీదే. రిపేరు.

ఇంగ్లీషులో రిపేర్ అంటే బాగుచేయడం. అక్కడ అది మందు ఒక్కటే. జబ్బు మనం కలిపాం. ఇంగ్లీషు సరిగ్గా రాక అలా అంటున్నాం అని నవ్వేవాళ్ళున్నారు. నేనూ ఇంటర్ చదివేటప్పుడు నవ్వాను. "రిపేర్ రావడమేంటి నాన్నా, రిపేర్ అంటేనే బాగుచేయడం" అని పాండిత్యం చూపించాను. ఆయన తలెత్తకుండా "సరే, ఆ పన్నెండో నంబరు స్పానర్ ఇటియ్యి" అన్నాడు. ఇప్పుడాలోచిస్తే నవ్వాల్సింది నన్ను చూసే అనిపిస్తుంది.

అసలిది ఎలా తిరగబడి ఉంటుంది? నా ఊహ చెప్తాను. పంట కోతకొచ్చింది అంటాం. కాయ పక్వానికొచ్చింది అంటాం. అమ్మాయి పెళ్ళీడుకొచ్చింది అంటాం. అంటే ఆ వేళయింది అని. అలాగే ఇల్లు రిపేరుకొచ్చింది. ఇప్పటికీ అంటారు కదా, "ఇల్లు రిపేరుకొచ్చిందండీ, వానలు పడేలోపు చేయించాలి" అని. ఇందులో రిపేరు ఇంకా మందే. బాగుచేయించే వేళయింది అంటున్నారు, అంతే. ఆ మాట నోట్లో నలిగీ నలిగీ, రిపేరు పక్కనున్న 'కు' ఊడిపోయి, వెళ్ళి బండికి అతుక్కుంది. బండి రిపేరుకొచ్చింది కాస్తా బండికి రిపేరొచ్చింది అయింది.

చిన్న 'కి' అటు జరిగింది, అంతే కదా? కాదు. తెలుగులో ఫలానావాడికి ఫలానాది వచ్చింది అంటే ఏం గుర్తొస్తుంది? పిల్లాడికి జ్వరమొచ్చింది. గేదెకి గాలికుంటు వచ్చింది. మిరపతోటకి తెగులొచ్చింది. ఆ వరసలో మోటరుకి రిపేరొచ్చింది. ఇంగ్లీషు మాటని తెచ్చి మనం జ్వరం పక్కన కూర్చోబెట్టాం. తప్పుగా కాదు, పూర్తిగా తెలుగు వ్యాకరణం ప్రకారం.

ఇది నాకు పుస్తకాల్లో తెలియలేదు, షాపులో తెలిసింది. కోదాడలో మా నాన్నకి మోటార్ల వైండింగు షాపు, అంటే మోటరు లోపల కాలిన రాగితీగ చుట్లు తీసేసి కొత్తవి చుట్టే షాపు ఉండేది. హైదరాబాదు-విజయవాడ రోడ్డు మీద ఊరు. ఇటు సూర్యాపేట వైపు రైతులు, అటు జగ్గయ్యపేట వైపు రైతులు, ఇద్దరూ కాలిన మోటార్లు ఆటోల్లో వేసుకుని మా దగ్గరికే వచ్చేవాళ్ళు. ఎండాకాలమైతే షాపు ముందు మోటార్లు గవర్నమెంటు ఆసుపత్రిలో రోగుల్లాగా వరసగా పడుకుని ఉండేవి.

అటు నుంచి వచ్చిన ఆయన "మోటరుకి రిపేరొచ్చిందయ్యా" అనేవాడు. ఇటు నుంచి వచ్చిన ఆయన "మోటర్ ఖరాబైంది అన్నా" అనేవాడు. ఇద్దర్నీ నాన్న అడిగే ప్రశ్న ఒకటే.

"మూలుగుతుందా, అసలు మాట్లాడట్లేదా?"

చిన్నప్పుడు నాకిది మామూలు ప్రశ్నే. పెద్దయ్యాక ఒక డాక్టరు గారి గదిలో కూర్చున్నప్పుడు తట్టింది, ఇది మోటార్ల షాపులో అడిగే ప్రశ్నేనా అని. కానీ అందులో అసలు విషయం ఉంది. త్రీ ఫేజు మోటరుకి మూడు తీగల మీదా కరెంటు రావాలి. ట్రాన్స్‌ఫార్మరు దగ్గర ఒక ఫ్యూజు పోయిందనుకోండి, రెండే వస్తాయి. అప్పటికి ఆగి ఉన్న మోటరైతే తిరగదు, గుయ్యిమని మూలుగుతూ అలాగే ఉంటుంది. తిరుగుతున్న మోటరైతే ఆగదు, పోయినదాని బరువు మిగతా రెండింటి మీద పడుతుంది. తీగ వేడెక్కుతుంది. రాగితీగ మీదుండే వార్నిష్ పూత మాడుతుంది. చుట్టుకి చుట్టు తగులుతుంది. ఇక మోటరు కాలినట్టే. మూలుగుతోందంటే ఇంకా ప్రాణముంది. మాట్లాడట్లేదంటే లోపల కాలి ఉండొచ్చు, లేదా వైరే ఎక్కడో తెగి ఉండొచ్చు.

తర్వాత మూత విప్పి వాసన చూసేవాడు. కాలిన కాయిలు వాసన ఒకసారి చూస్తే మర్చిపోరు, మాడిన బెల్లంలో ప్లాస్టిక్కు కలిసినట్టుంటుంది. సీరీస్ బల్బు పెట్టి, అంటే కరెంటు దారిలో మధ్యన ఒక బల్బు కలిపి చూడటం ఆ తర్వాత. కాయిలు పోయిందని తేలితే పాత చుట్లు ఉలితో కోసి లాగేసి, ఎన్ని చుట్లున్నాయో ఒక్కొక్కటీ లెక్కబెట్టడం నా పని. తీగ గేజి (మందం) ఎంత, చుట్లు ఎన్ని, ఒక పాత డైరీలో రాయాలి. లెక్క తప్పితే కొత్త వైండింగు మళ్ళీ వేడెక్కుతుంది, మోటరు మళ్ళీ మా షాపుకే వస్తుంది.

ఆ రోజుల్లో పొలాలకి కరెంటు రాత్రిపూట ఏ వేళప్పుడో వచ్చేది. రైతు ఆటో స్టార్టరు పెట్టి ఇంటికొచ్చి పడుకునేవాడు. కరెంటు రాగానే మోటరు తనంతట తానే లేస్తుంది. నడిరాత్రి ఒక ఫేజు పోతే చూసేవాడెవడు? తెల్లారేసరికి కాలి ఉంటుంది. ఇప్పుడు చెప్పండి, దాన్ని ఎవరు కాల్చినట్టు? ఫ్యూజు పోయినా పట్టించుకోని వాళ్ళా? చూసుకోకుండా పడుకున్న రైతా? పోయినసారి చుట్లు సరిగా లెక్కబెట్టని నేనా?

నాన్న ఎప్పుడూ అడగలేదు. వాసన చూడగానే ఆయనకి సగం కథ తెలిసిపోయేది, అయినా అడగలేదు. "రిపేరొచ్చింది" అంటే "చూద్దాంలే" అనేవాడు. ఆ మాటలో తప్పు చేసినవాడెవడూ లేడు కాబట్టి అప్పు పెట్టే రైతుకీ, అరువిచ్చే నాన్నకీ ఇద్దరికీ మొహం చూసుకోవడం తేలికయ్యేది.

మామూలుగా తెలుగు ఇంత మెత్తగా ఉండదు. పగిలింది అంటే దానంతట అదే, పగలగొట్టాడు అంటే ఎవడో ఒకడున్నాడు. విరిగింది, విరగ్గొట్టాడు. చెడింది, చెడగొట్టాడు. కాలింది, కాల్చాడు. ప్రతిదానికీ ఒక జత. పిల్లలకి ఇది మూడేళ్ళకే తెలిసిపోతుంది, ఏ పిల్లాడైనా "గ్లాసు పగిలిందమ్మా" అంటాడు గానీ "పగలగొట్టాను" అనడు. రిపేరుకి మాత్రం ఆ జత లేదు. రిపేరొచ్చింది అంటాం, దాని అవతలి పక్క రిపేరు చేశాడు అంటే బాగుచేశాడని అర్థం! తప్పు చేసినవాడి కుర్చీలో మెకానిక్కు వచ్చి కూర్చున్నాడు.

స్టవ్వు సంగతి చెప్పలేదు కదూ. ఆటో అతను బర్నరు తీసి, జెట్టులో ఒక సన్న తీగ పెట్టి రెండుసార్లు పొడిచాడు. భగ్గున వెలిగింది. "రిపేరేం లేదమ్మా, మసి అడ్డుపడింది, అంతే" అన్నాడు. అమ్మ సంతోషించింది. "రిపేరు చార్జీ 150" అన్నాడు. రిపేరు లేదట, రిపేరు చార్జీ ఉందట! అమ్మ బేరమాడి 100 ఇచ్చింది. ఇద్దరిలో ఎవరికీ ఆ మాటల్లో తేడా ఉన్నట్టే అనిపించలేదు.

ఇక ఆ జబ్బు వరస ఎంత దూరం పోయిందో చూడండి. నడుం పట్టేసింది, ఇంజను పట్టేసింది. రెండింటికీ ఒకే మాట. బండి పొగలు కక్కుతోంది, ఆయిలు తాగేస్తోంది. ఒంట్లో బాగాలేదు, బండి బాగాలేదు. జ్వరం తగ్గి బాగయ్యాడు, టీవీ బాగయింది. కరెంటు పోయింది, స్టార్టరు పోయింది... ఇంక ఆ 'పోయింది' గురించి చెప్పక్కర్లేదు.

పత్రికల భాషలో ఇంకా తమాషా జరిగింది. రిపేరు ఇంగ్లీషు మాట, పేపర్లో ఎందుకు, మరమ్మతు అని రాద్దాం అనుకున్నారు. మరమ్మతు కూడా మన సొంతం కాదు, అరబీలో పుట్టి ఉర్దూ మీదుగా వచ్చింది, సరే. దానర్థమూ బాగుచేయడమే. చెరువు మరమ్మతులు, రోడ్ల మరమ్మతులు. కానీ జిల్లా పేజీలు తిరగేయండి, "మరమ్మతులకు గురైన బోరు" అని ఉంటుంది. అంటే బోరు చెడిపోయిందని! అస్వస్థతకు గురయ్యారు, అనారోగ్యానికి గురయ్యారు, మరమ్మతుకు గురైంది. మాట మార్చినా జబ్బు వదల్లేదు.

ఖరాబు అలా కాదు. అది మొదట్నుంచీ జబ్బే, అందులో మందు లేదు. అదీ అరబీ నుంచి ఉర్దూ మీదుగానే వచ్చింది. తెలంగాణలో అది మోటరు దగ్గర ఆగదు, కడుపు ఖరాబైతది, దిమాగ్ ఖరాబైతది, రెవెన్యూ కాయితాల్లో సాగుకి పనికిరాని జాగా పోట్ ఖరాబు. ఇంకో మాట కూడా ఉంది, పనిచేయని ప్రతిదానికీ ఈ తరం వాడేది, 'ద'తో మొదలవుతుంది. ఈ వీడియో మా అమ్మ చూస్తుంది కాబట్టి దాటేస్తున్నాను.

కానీ మొరాయించడం దాటేయలేను. నాకు చాలా ఇష్టమైన మాట. ఇది ఎడ్ల మాట, గుర్రాల మాట. బరువెత్తిన బండి ఎత్తు ఎక్కుతుంటే ఎద్దు కాళ్ళు తన్ని నిలబడిపోతుంది. అదిలించినా కదలదు. దానికి రోగమేం లేదు. లాగగలదు, లాగను అంటోంది. అదీ మొరాయించడం. 2019 ఏప్రిల్ 11న ఆంధ్రప్రదేశ్‌లో 175 అసెంబ్లీ స్థానాలకీ 25 లోక్‌సభ స్థానాలకీ ఒకే రోజు పోలింగు జరిగింది. పొద్దున్నే చాలాచోట్ల ఈవీఎంలు పనిచేయలేదు. కొన్ని బూతుల్లో అర్ధరాత్రి దాకా జనం వరసలో నిలబడి ఓటేశారు. ఆ రోజు టీవీల్లో, మర్నాడు పేపర్లలో ఎటు చూసినా ఒకటే, "మొరాయించిన ఈవీఎంలు". అదేదో ఎద్దులాగా మొండికేసినట్టు! రిపేరొచ్చిందంటే యంత్రం పాపం రోగి. మొరాయించిందంటే దానిదే పొగరు.

చేతులు కూడా మాట ప్రకారమే నడుచుకుంటాయి. రిపేరొచ్చినదాన్ని షాపుకి మోసుకెళ్తాం. మొరాయించినదాన్ని నెత్తిన ఒక్కటిస్తాం. పాత డబ్బా టీవీ నెత్తిన కొట్టని ఇల్లుందా? ఒక్కోసారి పనిచేసేది కూడా, లోపల టంకం వదిలేసిన చోట వైరు మళ్ళీ తగులుకుని. దెబ్బకి భయపడిందని మా తాతయ్య ఖాయంగా నమ్మేవాడు.

ఆఫీసుల్లో ఇవేవీ వినపడవు. అక్కడ "సాంకేతిక లోపం", కౌంటరు దగ్గరైతే "సర్వర్ డౌన్". ఈ మాటల్లో రోగీ లేడు, పొగరుబోతూ లేడు, ఎవరూ లేరు. 2024 జులై 19 గుర్తుందా? విమానాశ్రయాల్లో, బ్యాంకుల్లో, ఆసుపత్రుల్లో కంప్యూటర్లు నీలం తెరలేసుకుని కూర్చున్నాయి. హైదరాబాదు నుంచి కోల్‌కతా వెళ్ళే ఒక ప్రయాణికుడికి బోర్డింగ్ పాసు చేత్తో రాసిచ్చారు, ఆ ఫొటో దేశమంతా తిరిగింది. ఎక్కడ విన్నా "సాంకేతిక సమస్య". జరిగింది మాత్రం చాలా స్పష్టం. క్రౌడ్‌స్ట్రైక్ అనే కంపెనీ తన సెక్యూరిటీ సాఫ్ట్‌వేరుకి పంపిన అప్‌డేటులో తప్పు ఫైలు ఒకటి పోయింది. సుమారు 85 లక్షల విండోస్ కంప్యూటర్లు దెబ్బతిన్నాయని మైక్రోసాఫ్టే లెక్క చెప్పింది. మామూలు తెలుగులో దీన్ని "చెడగొట్టారు" అంటారు. సాంకేతిక అనగానే ఆ 'గొట్టారు' మాయం.

ఐటీ పిల్లలు దీన్నే గ్లిచ్ అంటారు. "చిన్న గ్లిచ్ అండి, చూస్తున్నాం." ఎంత పెద్దదైనా చిన్న గ్లిచ్చే. అమెరికా వ్యోమగామి జాన్ గ్లెన్ 1962లో ఆ మాటకి అర్థం రాశాడు. కరెంటు వోల్టేజిలో ఉన్నట్టుండి వచ్చే ఎగుడుదిగుడట. అది చదివి నాకు నవ్వాగలేదు. వోల్టేజిలో తేడా వస్తే ఏమవుతుందో చెప్పే మోటార్లు కోదాడలో మా షాపు ముందు వరసగా పడుకుని ఉండేవి కదా!

షాపు మూసేసి నాలుగేళ్ళయింది. నాన్నకి మోకాళ్ళ నొప్పులు. మొన్న ఫోన్ చేసి "ఎలా ఉంది నాన్నా" అని అడిగాను.

"బేరింగులు అరిగాయిరా. వైండింగు బాగానే ఉంది" అన్నాడు.