పసిరిక పాము కన్ను

అందరికీ నమస్కారం.

పసిరిక పాము పేరెత్తగానే సభలో ఎవరో ఒకరు చేత్తో కళ్లు మూసుకుంటారు. ఇప్పుడు కూడా మూడో వరసలో ఒకరు మూసుకున్నారు, చూశాను. "అది కళ్లు పొడుస్తుందండీ" అంటారు అడిగితే. ఈ నింద వేసింది మనం ఒక్కరమే కాదు. తమిళులకు అది 'కణ్ కొత్తి పాంబు', అంటే కన్ను పొడిచే పాము. సింహళంలో దాని పేరుకూ అదే అర్థం. శాస్త్రజ్ఞులు ఆ సింహళ మాటనే తీసుకుని దీని ప్రజాతికి, అంటే దగ్గరి చుట్టాలైన జాతుల గుంపుకు, 'అహేతుల్లా' అని పెట్టారు. పుకారు కాస్తా శాస్త్రీయ నామమై కూర్చుంది! అదే తమిళనాట ఇంకో మాట కూడా ఉంది: ఈ పామును చేత్తో నిమిరితే వంట బాగా కుదురుతుందట. దయచేసి ప్రయత్నించకండి.

మన మైదానాల్లో తిరిగే పసిరికను చాలాకాలం 'అహేతుల్లా నసూటా' అనేవారు. 2020లో జన్యువులు, పొలుసులు పోల్చి చూస్తే, ఒకటే అనుకున్నది నిజానికి కొన్ని వేర్వేరు జాతులని తేలింది. నసూటా అనే పేరు శ్రీలంక పాముకు మిగిలింది. మనది 'ఆక్సిరింకా', అంటే వాడి ముక్కుది. పడమటి కనుమల్లో ఉన్నవి వేరే జాతులు.

ఇక అసలు సంగతి, దాని కన్ను. నాగుపాము కంటిపాప గుండ్రంగా ఉంటుంది, రక్తపింజరిది నిలువు చీలిక. పసిరికది మాత్రం అడ్డంగా పడుకోబెట్టిన తాళంకప్ప రంధ్రంలా ఉంటుంది. కంటి ముందు నుంచి ముక్కు కొస దాకా రెండు పక్కలా సన్నని గాడి. తుపాకీ గురి చూసినట్టు, ఆ గాడి వెంట రెండు కళ్లూ ఒకేసారి ముందుకు చూస్తాయి. కంటి లోపలి తెరలో, చూపు బాగా తేటగా ఉండే చిన్న గుంట ఒకటుంది. మన కంటిలోనూ ఉంది గానీ పాముల్లో అది చాలా అరుదు. ఇంత ఏర్పాటు ఎందుకంటే, ఇది పట్టపగలు కొమ్మ మీద నుంచి తొండను పట్టాలి. దూరం జానెడు తప్పినా భోజనం పోయినట్టే.

పొద దాని ఇల్లు, వేషం కూడా. వేలి లావు ఒళ్లు, పసరు రంగు. చిటారు కొమ్మల్లో కన్నా కంచెల్లో, వాగు ఒడ్డు తుప్పల్లో, తీగలు అల్లుకున్న చోట ఎక్కువగా కనిపిస్తుంది. ఒంట్లో సగం గాలిలోకి చాచి, నాలుక బయటపెట్టి అలాగే ఉండిపోతుంది. కదలాల్సి వస్తే తీగ ఊగినట్టు ఊగుతూ కదులుతుంది. మనిషి మొహం ఎత్తున ఉండే ఈ పొదల్లో ఆకులు కోయడానికో, పండు అందుకోవడానికో తల దూర్చినప్పుడు, భయపడిన పాము కాటుకు దగ్గరగా దొరికేది మొహమే. కళ్లు పొడుస్తుందన్న మాట అలా పుట్టి ఉంటుందని నా ఊహ.

బెదిరిస్తే ఒళ్లు ఉబ్బిస్తుంది. అప్పుడు పొలుసుల మధ్య నలుపు తెలుపు చారలు బయటపడతాయి, నోరు గులాబీ రంగులో తెరుచుకుంటుంది. చాలావరకు అది బెదిరింపే. దాని కోరలు నోటి వెనక భాగంలో ఉంటాయి. విషం తొండకు చాలుతుంది, మనిషికి వాపు, నొప్పి, తిమ్మిరి దాకానే. కానీ పచ్చగా ఉన్నదల్లా పసిరిక కాదు. మన కొండల వెదురు పొదల్లో ఉండే పచ్చని పిట్ వైపర్ అనే విషపాము తల వెడల్పుగా, మెడ సన్నగా, ఒళ్లు బొద్దుగా ఉంటుంది. దాని కాటు మాత్రం తేలిగ్గా తీసుకోవద్దు. ఏ పాము కరిచిందో తెలియకపోతే ఆసుపత్రికి వెళ్లడమే.

పసిరిక గుడ్లు పెట్టదు, పిల్లల్నే కంటుంది. 1885 ఆగస్టు నుంచి లండన్ జంతుశాలలో ఒంటరిగా ఉంచిన ఒక ఆడపాము 1888 ఆగస్టులో పిల్లల్ని కన్నదట! చాలాకాలం క్రితం కలిసిన మగపాము వీర్యాన్ని అది దాచుకుని ఉండొచ్చు.

ఈసారి కంచె దగ్గరికి వెళ్లినప్పుడు, గాలి లేకపోయినా ఊగుతున్న తీగ ఏదైనా ఉందేమో చూడండి. కనిపిస్తే రెండు బారల దూరంలో ఆగండి. పొద కొట్టేసే పని ఉంటే ముందు కర్రతో కొమ్మలు కదిపి, అది పక్కకు తప్పుకునే దాకా ఉండండి.

ఇక మీ ప్రశ్నలు. మూడో వరస నుంచే మొదలుపెడదాం.