చెరువు తవ్వితే లేచిన దేవుడు ఎవరు? స్టూడియో చర్చ, జరిగింది జరిగినట్టు

భీమవరం వైపు ఒక వరిచేనుని రొయ్యల చెరువు చేస్తుంటే పొక్లెయిన్‌కి పడగల విగ్రహం తగిలింది. ఊళ్లోవాళ్లు సుబ్బారాయుడన్నారు. బుద్ధుడని కొందరు, జైనుల తీర్థంకరుడు పార్శ్వనాథుడని కొందరు బయల్దేరారు. పని ఆగిపోయింది. ఈ గొడవని అడ్డం పెట్టుకుని జైనుల అనేకాంతవాదం మీద చర్చ అన్నారు. లాయరుగారి మాటలు కొన్ని కోసేశాం, అవన్నీ వేస్తే మిగిలినవాళ్లకి చోటుండదు.

ప్రయోక్త: అందరికీ నమస్కారం. ఈరోజు తలా ఇంత టైమని సమానంగా ఇస్తాం. మేడమ్, సూటిగా అడుగుతున్నా. సత్యానికి చాలా ముఖాలుంటాయంటుంది జైన దర్శనం. అంటే ముగ్గురూ రైటేనా?

అధ్యాపకురాలు: అందరూ రైటే అని అనేకాంతం ఎక్కడా అనదండీ. ఒక వస్తువు ఉందన్నావా, సరే. ఏ ద్రవ్యంగా ఉంది, ఏ క్షేత్రంలో, ఏ కాలంలో, ఏ భావంతో? ఈ నాలుగూ చెప్పి అప్పుడు అనమంటుంది. అవి చెప్పకుండా...

లాయరు: బుద్ధుడండీ! దీనికి నాలుగు ప్రశ్నలెందుకు? గుంటుపల్లి గుహలు ఎవరివి? కోనసీమలో ఆదుర్రు స్తూపం ఎవరిది? పడగ పట్టింది ముచిలిందుడనే నాగరాజు. అయిపోయింది.

అధ్యాపకురాలు: పార్శ్వనాథుడికీ పడగ ఉంటుంది. బుద్ధుడైతే చీవరం, అంటే భిక్షువు కట్టే వస్త్రం, దాని అంచు ఉందా లేదా అని చూడాలి. ఫొటో పెద్దది చేసి చూశాను. భుజం దగ్గర నున్నగా అరిగిపోయింది. ఎడమ మోకాలు పొక్లెయిన్ పన్ను తగిలి పెచ్చు లేచింది. ఫొటోతో తేలదు.

లాయరు: తేలనప్పుడు స్టూడియోకి ఎందుకొచ్చారండీ మరి?

(నవ్వులు)

ఆక్వా రైతు: ఆయ్, నేనో మాట చెప్పచ్చాండీ? మా ఆడవాళ్లు అప్పుడే పాలు పోసేశారండి. పసుపు కూడా రాసేశారు.

ప్రయోక్త: చూశారా! వాళ్ల కళ్లకి సుబ్బారాయుడు. వాళ్లూ రైటే కదా మేడమ్?

శాస్త్రిగారు: ఇక్కడే చిక్కొస్తుంది. 'నైకస్మిన్నసంభవాత్' అని బ్రహ్మసూత్రం ఉంది. ఒకే వస్తువులో విరుద్ధ ధర్మాలు ఒకేసారి పొసగవు. చల్లదనం, వేడి ఒకచోట ఎలా ఉంటాయని శంకరుల భాష్యం నిలదీస్తుంది.

అధ్యాపకురాలు: ఒకే అపేక్షలో, అంటే ఒకే దృష్టితో చూస్తే, ఉండవనే జైనులూ అంటారు శాస్త్రిగారూ. జైనాచార్యుడు సమంతభద్రుడి ఆప్తమీమాంసలో ఉంది కదా, బంగారు కుండ చెడగొట్టి కిరీటం చేశారు. కుండ కావాలన్నవాడు ఏడ్చాడు, కిరీటం కావాలన్నవాడు పొంగిపోయాడు, బంగారమే చాలన్నవాడికి ఏమీ పట్టలేదు. ఒకరికి పోయినది కనిపించింది, ఇంకొకరికి వచ్చినది, మూడోవాడికి నిలిచినది. ఈ చేను సంగతీ అంతే కదండీ...

ఆక్వా రైతు: నిజమేనండోయ్! కౌలుకి చేసుకునేవాడు వరి పోయిందని గట్టుమీద కూర్చుని ఏడ్చాడు. నాకు లీజొచ్చింది. భూమిగలాయన హైదరాబాదులో ఉంటాడు, ఎకరానికింతని డబ్బు పడితే ఆయనకి వరైనా ఒకటే, రొయ్యైనా ఒకటే.

అధ్యాపకురాలు: అదీ! అయితే కౌలురైతు బాధ నిజమైనంత మాత్రాన...

ప్రయోక్త: అంటే ముగ్గురూ రైటే. వెరీ గుడ్ పాయింట్.

అధ్యాపకురాలు: అది కాదండీ నేనంటున్నది...

లాయరు: ఒక్క నిమిషం. 1878 నాటి నిధుల చట్టం ఉంది. భూమిలో దొరికింది పది రూపాయల విలువ దాటితే కలెక్టరుకి రాతపూర్వకంగా చెప్పాలి. చెప్పారా రాజుగారూ?

ఆక్వా రైతు: తహసీల్దారుగారికి ఫోను చేశామండి.

లాయరు: ఫోనా! (బల్ల మీద కొట్టారు) ఇదీ మన పరిస్థితి.

ఆక్వా రైతు: వనామీ రొయ్య సీడుకి అడ్వాన్సు ఇచ్చేశానండి. ఏరియేటర్లు దిగిపోయాయి. అసలే అమెరికా వాడు సుంకాలేశాక కౌంటు రేట్లు పడిపోయి...

(ఇక్కణ్నించి చాలాసేపు రొయ్యల మేత మీద నడిచింది. శాస్త్రిగారికి కూడా రేట్లు బాగానే తెలుసు.)

ప్రయోక్త: మళ్లీ విషయానికి వద్దాం. అందరూ రైటే అయితే గొడవెందుకు?

అధ్యాపకురాలు: (గొంతు పెంచి) నాలుగోసారి అడిగారు, నాలుగోసారి కాదంటున్నాను. బుద్ధుడు అనడం జైనుల మాటలో నయం, అంటే ఒక చూపు. బుద్ధుడే, ఇంకెవరూ కాడు అనడం దుర్నయం. ఇక్కడ జైనం ఉందనడానికి శాసనాధారం ఉంది. పదో శతాబ్దంలో తూర్పు చాళుక్య రెండో అమ్మరాజు అత్తిలినాడులోని కలుచుంబర్రు అనే ఊరిని జైన గుడి భోజనశాల మరమ్మతుకి దానమిచ్చాడు. సర్వలోకాశ్రయ జినభవనమని ఆ గుడి పేరు...

లాయరు: పదో శతాబ్దమా? మావాడు ఇంకా పాతవాడు!

అధ్యాపకురాలు: ఈ విగ్రహం ఏ కాలానిదో ఎవరు చూశారండీ?

లాయరు: నేను చెప్పేది వినండి. అన్ని కోణాలూ చూద్దాం, చూద్దాం అంటూ కూర్చుంటే ఎప్పటికీ తేల్చరు. ఈలోపు బలమున్నవాడు వచ్చి షెడ్డు వేసి బోర్డు పెట్టేస్తాడు. మీ సిద్ధాంతం ఎవరికి పనికొచ్చింది? దౌర్జన్యం చేసేవాడికి!

శాస్త్రిగారు: ఆ మాటలో కొంత...

లాయరు: కొంత కాదు, అంతా! బుద్ధుడే, బుద్ధుడే, రాసుకోండి.

(ముగ్గురూ ఒకేసారి మాట్లాడుతున్నారు)

ప్రయోక్త: టైమైపోయింది. లాయరుగారు చాలా బలంగా వాదించారు కాబట్టి ప్రస్తుతానికి బుద్ధ విగ్రహం అనే అనుకుంటూ, అందరి కోణాలనీ గౌరవిస్తూ...

అధ్యాపకురాలు: ఎవరనుకుంటున్నారండీ? ముందు పురావస్తు శాఖవాళ్లు వచ్చి చూడాలి కదా...

ఆక్వా రైతు: మరి నా చెరువు పని ఎప్పుడు మొదలెట్టమంటారండీ?

లాయరు: బయట మాట్లాడుకుందాం రాజుగారూ, నా నంబరు తీసుకోండి.

(సంగీతం, ప్రకటనలు)